చచ్చిన జెల్లీఫిష్‌నీ ముట్టుకోకండి

అంతర్వేదిలో స్వామి దర్శనం అయ్యాక అందరం బీచ్‌కే పోతాం కదా. మొన్న మా మేనల్లుడు ఒడ్డున పడున్న జెల్లీఫిష్‌ని "చచ్చిపోయిందిలే మావయ్యా" అంటూ వేలితో పొడవబోయాడు. చూడ్డానికి తాటిముంజెలా ఎంత అమాయకంగా ఉందో! చెయ్యి పట్టి లాగి కథ చెప్పాను.

దీనికి శాస్త్రంలో మెడూసా అని పేరు. గ్రీకు పురాణంలో జుట్టుకి బదులు తలనిండా పాములున్న ఆవిడ. 1758లో జీవులకి శాస్త్రీయ నామాలు పెట్టిన స్వీడన్ శాస్త్రవేత్త లిన్నేయస్ తన గ్రంథంలో వీటికి ఆ పేరే వాడాడు. వేలాడే ఆ తీగలు చూస్తే పాములే గుర్తొస్తాయి మరి. పెర్సియస్ అనే గ్రీకు వీరుడు ఆవిడ తల నరికేశాక కూడా ఆ తలని చూసినవాళ్లు రాళ్లయిపోయారట. ఇదీ అంతే, చచ్చి ఒడ్డున పడినా తీగల్లోని విషపు ముళ్లు గుచ్చుకుంటాయి. ఆవిడ కొడుకు క్రిసయోర్ పేరు మీద క్రిసయోరా అనే రకం కూడా ఉంది, 'బంగారు కత్తి' అని అర్థం. అదీ కుడుతుంది.

కుట్టిందా, మంచినీళ్లు పోయొద్దు, ఇసుకతో రుద్దొద్దు. సముద్రపు నీళ్లతోనే కడిగి, అంటుకున్న తీగల్ని పుల్లతో తీసేసి, ఒళ్లు కాలకుండా తట్టుకోగలిగినంత వేడినీళ్లలో 20 నిమిషాలు ఉంచండి. ఆయాసం వస్తే మాత్రం నేరుగా ఆస్పత్రికే.