గాలివానలు మొదలుకాకముందే షెడ్లు, క్యాబిన్లు బిగించుకోండి

హైదరాబాదులో ఏప్రిల్, మే నెలల గాలివాన ఎక్కువగా సాయంత్రాలే విరుచుకుపడుతుంది. డాబా మీద రేకుల షెడ్డు, సైటు దగ్గర క్యాబిన్, కూలీల గదులు ఉన్నవారు మార్చిలోనే ఈ పని ముగించాలి.

మన దేశంలో గాలి బలాన్ని లెక్కగట్టడానికి భారతీయ ప్రమాణాల సంస్థ (బీఐఎస్) ఇచ్చిన ఐఎస్ 875 మూడో భాగం (2015) ప్రమాణం. అందులో హైదరాబాదుకు ఇచ్చిన మూల వేగం, అంటే లెక్కకు ఆధారంగా తీసుకునే గాలి వేగం, సెకనుకు 44 మీటర్లు, అంటే గంటకు 158 కిలోమీటర్లు. ఎత్తు, పరిసరాల సవరణలు పక్కన పెడితే చదరపు మీటరుకు సుమారు 118 కిలోల ఒత్తిడి. తాత్కాలిక కట్టడమైతే అయిదేళ్ల ఆయుష్షు చొప్పున వేగాన్ని 0.73తో గుణించవచ్చు. అప్పుడు ఒత్తిడి 63 కిలోలకు, అంటే దాదాపు సగానికి పడిపోతుంది. ఈ సడలింపు ఊరికే తీసుకోకండి. మన దగ్గర తాత్కాలికమని వేసిన షెడ్డును పదేళ్లయినా తీయరు. అలా ఉంచే ఉద్దేశం ఉంటే 118కే కట్టించండి.

గాలి పక్కకు తోయడమే కాదు, కప్పును పైకి లాగుతుంది. అసలు ప్రమాదం అక్కడే. ఇరవై అడుగుల పొడవు, పది అడుగుల వెడల్పు షెడ్డు మీద ఆ 63 కిలోల ఒత్తిడే పైకి లాగినా మొత్తం టన్ను దాటుతుంది. రేకుల బరువేమో వంద కిలోలకు అటూఇటూ! నాలుగు ఇసుక బస్తాలు పెట్టి నిశ్చింతగా ఉండేవారిని చూస్తే భయమేస్తుంది. షెడ్డు కింద సామాను పేర్చి గాలి దారి మూసేస్తే లాగుడు ఇంకా పెరుగుతుంది.

స్తంభాల అడుగున ఉండే ఇనుప పలకలను (బేస్ ప్లేట్లను) శ్లాబుకో దూలానికో యాంకర్ బోల్టులతో బిగించాలి, పిట్టగోడకు కాదు. కప్పు అంచుల్లో, మూలల్లో లాగుడు ఎక్కువ కనుక అక్కడ స్క్రూలు దగ్గరగా ఉండాలి. తుప్పు పట్టినవి మార్చేయండి. క్యాబిన్‌ను ఇటుకల మీద నిలబెడితే సరిపోదు, నాలుగు మూలలనూ నేలలోని కాంక్రీటు దిమ్మెలకు కట్టాలి. ఖాళీ క్యాబిన్ మరీ తేలిక.

పెళ్లి షామియానాల దగ్గర బేగంపేట వాతావరణ కేంద్రం హెచ్చరికలు చూసే మనిషిని ముందే నియమించండి. గాలి లేవగానే జనాన్ని పక్కా భవనంలోకి పంపే అధికారం అతనికే ఇవ్వండి. ఊగుతున్న ఇనుప స్తంభాలను ఎవరూ పట్టుకోకూడదు. పైన కరెంటు తీగలుంటే ప్రాణాలు పోతాయి.