ఎండలో ఫోన్‌తో లైవ్ ఇస్తా ఉంటే ఆగిపోతోందా?

మొన్న తిరుపతిలో తాతయ్యగుంట గంగమ్మ జాతర లైవ్ పెడదామని ఫోన్ ట్రైపాడ్‌కి బిగించినా, 20 నిముషాలకే స్క్రీన్ డిమ్ అయిపోయి వీడియో తెగి తెగి వస్తా ఉంది, నెట్ అనుకుని సిమ్ కూడా మార్చినా గానీ అసలు సంగతి వేడబ్బా. వెనక కవర్ తీసేయండి, నీడలో పెట్టండి, వీడియో క్వాలిటీ 1080 నుంచి 720కి, సెకనుకి 60 ఫ్రేమ్స్ నుంచి 30కి దించండి, ఛార్జింగ్ ముందే ఫుల్ చేసుకోండి, ఎండలో పవర్ బ్యాంక్ గుచ్చితే ఇంకా కాలిపోతాది. ఐస్ మాత్రం పెట్టొద్దు, మావాడు పెడితే కెమెరా అద్దం లోపల ఆవిరి పట్టింది.

చల్లబడినాక కూడా తెగితే అప్పుడు నెట్ చూడండి, అదీ అప్‌లోడ్ స్పీడు, డౌన్‌లోడ్ కాదు. బిట్‌రేట్, అంటే సెకనుకి ఎంత వీడియో డేటా పంపాలనేది, 4 ఎంబీపీఎస్ పెట్టుంటే అప్‌లోడ్ 6 అన్నా ఉండాల, జనం ఎక్కువై టవర్ మీద లోడ్ పడితే బిట్‌రేట్ 2కి దించేయడమే. మధ్యలో కాల్స్ రాకుండా ఏరోప్లేన్ మోడ్ పెట్టి, వైఫై ఆన్ చేసి ఇంకో ఫోన్ హాట్‌స్పాట్‌కి కలుపుకోండి.