మాన్‌స్టెరాను కొత్త కుండీలోకి మార్చడం ఎలా?

పెద్ద పెద్ద చీలికల ఆకులతో ఇళ్లలో అలంకారంగా పెంచుకునే మాన్‌స్టెరా వేళ్లకు మట్టి కంటే ముందు గాలి కావాలి. దక్షిణ మెక్సికో నుంచి పనామా వరకు ఉన్న అడవుల్లో అది పెద్ద చెట్లను ఊడలతో పట్టుకుని పైకి పాకే మొక్క. కుండీ మార్చేటప్పుడు ఈ ఒక్క సంగతి మనసులో ఉంచుకుంటే సగం తప్పులు జరగవు.

కుండీ అడుగు రంధ్రంలోంచి వేళ్లు బయటికి వస్తున్నా, పోసిన నీళ్లు నిలవకుండా వెంటనే కిందికి జారిపోతున్నా మార్చే సమయం వచ్చినట్టే. అయితే రోహిణి కార్తెలో మాత్రం ముట్టుకోవద్దు. నెల్లూరు, ఒంగోలులో పడమటి వడగాలి వీచే రోజుల్లో, వేరు తెగిన మొక్క తేరుకోవడం చాలా కష్టం. జూలై నుంచి సెప్టెంబరు వరకు మంచి కాలం. నెల్లూరులో ఏడాది వానలో ఎక్కువ భాగం అక్టోబరు, నవంబరు, డిసెంబరు నెలల్లోనే కురుస్తుంది. ముసురు పట్టిందంటే కుండీలో తడి ఆరదు, కాబట్టి ఆలోగా వేళ్లు కుదురుకోవాలి.

కొత్త కుండీ పాతదానికంటే రెండు అంగుళాలు వెడల్పు ఉంటే చాలు. మళ్లీ మళ్లీ మార్చే పని ఉండదని పెద్ద తొట్టి తెచ్చేవారు చాలామంది. వేళ్లు చేరని మట్టిలో నీరు అలాగే నిలిచి కుళ్లు మొదలవుతుంది. అడుగున గులకరాళ్ల పొర వేసే అలవాటు కూడా మానుకోవడం మంచిది. దానివల్ల నీరు బాగా దిగదు, తడి నిలిచే భాగం వేళ్లకు మరింత దగ్గరవుతుంది. రంధ్రం మీద చిన్న వల ముక్క చాలు.

మట్టి మిశ్రమం దగ్గర తొందర పడవద్దు. రెండు పాళ్లు కొబ్బరి పొట్టు, ఒక పాలు ఎర్రమట్టి, ఒక పాలు వర్మీకంపోస్టు, ఒక పాలు కాల్చిన ఊక, గుప్పెడు వేపపిండి కలపాలి. కొబ్బరి పొట్టులో ఉప్పు ఉంటుంది, అందుకే రెండు మూడు సార్లు కడిగి పిండాలి. వరి పండే నెల్లూరు జిల్లాలో ఊకకు కొదవ లేదు. తెల్లబూడిద కాకుండా, ఆకారం చెడకుండా నల్లగా కాలినదే తీసుకోవాలి. ఊక దొరకకపోతే పెన్నా ఇసుక లాంటి ముతక ఏటి ఇసుక వేయవచ్చు. మైపాడు, కొత్తపట్నం తీరాల ఇసుక మాత్రం వద్దు, అందులోని ఉప్పు వేళ్లను మాడుస్తుంది.

ముందు రోజు మొక్కకు నీళ్లు పోసి ఉంచండి. చేతులకు తొడుగులు వేసుకోండి. ఈ మొక్క రసంలో కాల్షియం ఆక్సలేట్ అనే లవణం సూదుల్లాంటి సన్నని స్ఫటికాలుగా ఉంటుంది, అవి చర్మానికి దురద పుట్టిస్తాయి. పిల్లలను, పెంపుడు జంతువులను దగ్గరికి రానివ్వకండి. కుండీని పక్కకు వంచి, చుట్టూ తట్టి, మొదలు పట్టుకుని మెల్లగా లాగాలి. నర్సరీ మొక్కలు తరచుగా బంకమట్టి ముద్దలో వస్తాయి. ఆ ముద్దను అలాగే కొత్త మట్టిలో పెడితే మార్చిన ప్రయోజనమే ఉండదు. అరగంట నీళ్లలో నానబెట్టి, ఆ బంకమట్టిని చేతివేళ్లతో మెల్లగా విడదీయండి. గట్టిగా, లేత రంగులో ఉన్నవి మంచి వేళ్లు. నల్లబడి మెత్తగా జారిపోయేవాటిని మరిగే నీళ్లలో ముంచి తీసిన కత్తెరతో కోసేయండి.

కొబ్బరి పీచు చుట్టిన కర్రను మట్టి నింపకముందే కుండీలో నిలబెట్టాలి, తరువాత గుచ్చితే వేళ్లు తెగుతాయి. ఊడలను కోయకుండా కర్రవైపు తిప్పండి. పాత కుండీలో కాండం ఎంత లోతున ఉందో అంతే లోతున ఉంచి, చుట్టూ మిశ్రమం నింపండి. పైన అంగుళం ఖాళీ వదలండి. గట్టిగా అదమకండి, గాలి పోతుంది.

అడుగునుంచి కారేదాకా ఒకసారి నీళ్లు పోసి, పళ్లెంలో చేరిన నీటిని పారబోయండి. తరువాత పై రెండు అంగుళాలు ఆరేవరకు ఆగండి. బోరు నీటిలో ఉప్పు ఎక్కువైతే కుండీ అంచున తెల్లని పొర కడుతుంది, ఆకుల చివరలు ఎండుతాయి. ఇంట్లో నీటిశుద్ధి యంత్రం వదిలే నీళ్లలో ఉప్పు ఇంకా చిక్కగా ఉంటుంది, వృథా పోకూడదన్న మంచి ఉద్దేశంతో కూడా వాటిని పోయకండి. వాన నీళ్లు పట్టి ఉంచుకుంటే అంతకంటే మేలైనది లేదు.

మొక్కను తూర్పు కిటికీ దగ్గర, నేరుగా ఎండ తగలని వెలుతురులో ఉంచండి. మొదట్లో ఒకటి రెండు పాత ఆకులు పసుపు పచ్చగా మారితే కంగారు పడి నీళ్లు పెంచవద్దు. కొత్త ఆకు విచ్చుకునేదాకా ఎరువు కూడా వేయకండి.