పొద్దున నాలుగున్నరకి అలారం: మైనర్ లీగ్ ఇన్‌ఫీల్డర్‌ని హైదరాబాద్ నుంచి ఫాలో అవడం ఎలా

కూకట్‌పల్లిలో నలుగురిని ఆపి "మీవాళ్లు అమెరికాలో ఎక్కడ" అని అడిగితే ఒక్కరైనా ఫ్రిస్కో అంటారు. డాలస్ పక్కనే. మా అక్కా బావా కూడా అక్కడే. ఆ ఊళ్లో ఫ్రిస్కో రఫ్‌రైడర్స్ అని ఒక బేస్‌బాల్ టీమ్ ఉందని మాత్రం మనవాళ్లలో చాలామంది పట్టించుకోరు. నేనూ పట్టించుకోలేదు, బావ బలవంతంగా తీసుకెళ్లేదాకా. ఔట్‌ఫీల్డ్ పక్కన నీళ్లలో ట్యూబ్ మీద తేలుతూ మ్యాచ్ చూడొచ్చు, పిల్లలు ఆడుకుంటారు అన్నాడు, సరే అని వెళ్లాను.

కొంచెం ముందే వెళ్లాం. ఇంకా జనం రాలేదు. కోచ్ బంతుల్ని నేలబారుగా కొడుతుంటే ఒక కుర్రాడు షార్ట్‌స్టాప్‌లో, అంటే సెకండ్, థర్డ్ బేస్‌ల మధ్య, నిలబడి ఆపి విసురుతున్నాడు. (బేస్‌లంటే పరుగు కోసం బ్యాటర్ వరసగా తాకుతూ పోవాల్సిన చోట్లు, వాటి దగ్గర ఫీల్డింగ్ చేసేవాళ్లే ఇన్‌ఫీల్డర్లు.) ఒక పది ఆపాక సెకండ్ బేస్ దగ్గరికి పోయాడు, అక్కడ వేరే పని: ఇంకొకడు విసిరింది అందుకుని, బేస్‌ని కాలితో తాకి, ఒళ్లు తిప్పి ఫస్ట్ బేస్‌కి విసరడం. అదీ అయ్యాక థర్డ్ బేస్. "వీడికి సొంత జాగా లేదా బావా?" అన్నాను. "మూడుచోట్లా ఆడగలిగితేనే పైనుంచి పిలుపొస్తుంది బామ్మర్దీ" అన్నాడు. ఆ రోజు నుంచి ఆ కుర్రాడి పేరు నా ఫోన్‌లో ఉంది. మీకూ అలా ఒకణ్ణి పట్టుకుని ఫాలో అవ్వాలని ఉంటే, నాకు రెండేళ్లు పట్టి అర్థమైంది ఇదీ.

ముందు మెట్లు తెలుసుకోండి. అమెరికా బేస్‌బాల్‌లో అన్నిటికన్నా పైది మేజర్ లీగ్. అందులో 30 టీములు, ఒక్కోదాని కింద నాలుగు మెట్లు, కిందనుంచి పైకి: సింగిల్-ఎ, హై-ఎ, డబుల్-ఎ, ట్రిపుల్-ఎ. ఈ కింది మెట్లనే మైనర్ లీగ్ అంటారు. వాటికీ కింద కొత్తవాళ్ల లీగులు అరిజోనాలో, ఫ్లోరిడాలో, డొమినికన్ రిపబ్లిక్‌లో. మన రంజీతో పోల్చకండి. హైదరాబాద్ రంజీ టీమ్ తన కోసం తాను ఆడుతుంది, ఫ్రిస్కో టీమ్ మాత్రం టెక్సాస్ రేంజర్స్ అనే మేజర్ టీమ్‌కి నారుమడి లాంటిది, ఎవరు ఎక్కడ ఆడాలి, ఎవర్ని ఎప్పుడు పైకి పంపాలి అన్నది రేంజర్స్ చెప్తారు. ఫ్రిస్కో డబుల్-ఎ, అక్కణ్నుంచి పై మెట్టు ఆస్టిన్ దగ్గరి రౌండ్ రాక్ టీమ్.

ఒక్క టీమ్, ఒక్క ఆటగాడు, అంతే. నేను మొదట్లో ఆరుగురిని పెట్టుకుని ఎవడు ఎక్కడున్నాడో తెలీక వదిలేశాను. డబుల్-ఎ నుంచి మొదలెట్టడం మంచిది, కింద మెట్లలో ఉన్నవాళ్ల కోసం ఎదురుచూడాలంటే చాలా ఓపిక కావాలి. వయసు చూడండి. 21 ఏళ్లకే డబుల్-ఎ లో నిలబడగలుగుతున్నాడంటే బ్యాటింగ్ యావరేజ్ (ఎన్ని ప్రయత్నాల్లో ఎన్ని హిట్లు అన్న లెక్క) కాస్త తక్కువున్నా ఫర్వాలేదు, 27 ఏళ్లవాడు అదే మెట్టు మీద ఇరగదీస్తున్నా అంత సంబరపడకండి. బ్యాటింగ్ యావరేజ్ కన్నా స్ట్రైక్అవుట్లు (మూడు స్ట్రైక్‌లతో అవుటవడం) ఎన్ని, వాక్‌లు (నాలుగు చెడ్డ బంతులు వదిలేసి ఊరికే ఫస్ట్ బేస్‌కి వెళ్లడం) ఎన్ని అన్నది ఎక్కువ చెప్తుంది.

ఎర్రర్లు, అంటే ఆపాల్సిన బంతి వదిలేయడం, తప్పుగా విసరడం లాంటి ఫీల్డింగ్ పొరపాట్లు, చూసి మాత్రం టెన్షన్ పడకండి. షార్ట్‌స్టాప్ పని ఎలాంటిదంటే, క్రికెట్‌లో కవర్స్ ఫీల్డర్‌లా డైవ్ కొట్టి బంతి ఆపి, లేచీ లేవకముందే ముప్పై మీటర్ల పైన దూరంలో ఉన్నవాడి ఛాతీ ఎత్తులోకి విసరాలి, అవతల బ్యాటర్ నాలుగు సెకన్ల చిల్లరలో బేస్ చేరిపోతాడు. డెరెక్ జీటర్ అనే షార్ట్‌స్టాప్ 1993లో కింది లీగ్‌లో, గ్రీన్స్‌బరోలో, ఒకే సీజన్లో 56 ఎర్రర్లు చేశాడు. అదే జీటర్ 1995లో న్యూయార్క్ యాంకీస్ అనే మేజర్ టీమ్‌కి ఆడాడు, తర్వాత మహామహులకే చోటుండే హాల్ ఆఫ్ ఫేమ్‌కే వెళ్లాడు.

స్కోర్‌కార్డులో నేను ముందు చూసేది ఆ రోజు ఏ జాగాలో ఆడాడన్నది. సెకండ్ బేస్ 4, థర్డ్ బేస్ 5, షార్ట్‌స్టాప్ 6 అని నంబర్లుంటాయి, 6-4-3 అని కనిపిస్తే షార్ట్‌స్టాప్ ఆపి సెకండ్ బేస్‌వాడికి, అతను ఫస్ట్ బేస్‌కి, ఇద్దరు అవుట్. ఎప్పుడూ 6లో ఉండేవాడు ఉన్నట్టుండి వారంలో రెండుసార్లు 4లో కనిపించాడంటే పైన ఎవరి జాగాలోనో అతన్ని ఊహించుకుంటున్నారని నా లెక్క. ప్రతిసారీ నిజం కాదు, కానీ చాలాసార్లు.

తర్వాత కాగితాల గొడవ. ఇది బోర్ కొట్టినా దాటెయ్యకండి, అసలు కథంతా ఇక్కడే ఉంది. మేజర్ టీమ్‌లో ఆడేవాళ్లు 26 మంది, వాళ్లతో కలిపి 40 మంది జాబితా ఒకటుంటుంది. అందులో పేరు లేకపోతే ఎంత ఆడినా పిలవడం కష్టం, ఎందుకంటే మీవాణ్ణి ఎక్కించాలంటే ఇంకొకణ్ణి దించాలి. 18 లేదా అంతకన్నా చిన్న వయసులో చేరినవాణ్ణి ఐదేళ్లలో, 19 లేదా ఆపై వయసులో చేరినవాణ్ణి నాలుగేళ్లలో ఆ జాబితాలో పెట్టకపోతే డిసెంబర్‌లో రూల్ 5 డ్రాఫ్ట్‌లో వేరే టీమ్ లక్ష డాలర్లకి ఎత్తుకుపోవచ్చు. అందుకే నవంబర్‌లో మైనర్ లీగ్ సైట్‌లో ట్రాన్సాక్షన్స్ పేజీ రోజూ చూస్తా. జాబితాలో ఎక్కాక మూడు సీజన్లపాటు కిందికీ పైకీ తిప్పొచ్చు, వీటినే ఆప్షన్లు అంటారు. 2022 నుంచి ఒక సీజన్లో ఐదుసార్లకి మించి దించకూడదని రూల్ పెట్టారు. ఈ తిప్పడం మీద నాకు కోపమే, కానీ డబ్బు తేడా చూస్తే ఆటగాడు ఎందుకు ఊరుకుంటాడో తెలుస్తుంది: 2023 ఒప్పందంలో ఆ 40 మంది జాబితాలో లేనివాడికి ట్రిపుల్-ఎ కనీస జీతం ఏడాదికి 35,800 డాలర్లు, మేజర్స్‌లో 2025 కనీసం 7,60,000. పైన గడిపిన ప్రతిరోజుకీ ఆ లెక్కనే ఇస్తారు.

గాయాలకీ సిద్ధంగా ఉండండి. జాష్ జంగ్ 2019లో కొత్తవాళ్లని ఎంచుకునే డ్రాఫ్ట్‌లో రేంజర్స్ మొదటి రౌండ్‌లోనే తీసుకున్నవాడు, థర్డ్ బేస్, 2021లో ఫ్రిస్కోలో ఆడాడు, తర్వాత భుజానికి ఆపరేషన్. 2022 సెప్టెంబర్‌లో పిలిచారు, మొదటి బ్యాటింగ్‌లోనే హోమ్ రన్ (మన సిక్సర్ లాంటిది). ఇది త్వరగా అయిన కథ. దక్షిణాఫ్రికా కుర్రాడు గిఫ్ట్ ఎన్‌గోపే పిట్స్‌బర్గ్ పైరేట్స్ టీమ్‌తో 2008లో సంతకం పెట్టి, 2017 ఏప్రిల్ 26న మేజర్స్‌లోకి వచ్చాడు. ఆఫ్రికాలో పుట్టి ఆ మెట్టెక్కిన మొదటివాడు, అదీ ఇన్‌ఫీల్డర్. జాన్ లెస్టర్ బౌలింగ్‌లో మొదటిసారే హిట్ కొట్టాడు. మళ్లీ కిందికి పంపారు కూడా. ఇలా కొన్నాళ్లు మాత్రమే పైన ఉండి రావడాన్ని అక్కడ కప్పు కాఫీ తాగి రావడం అంటారు. మన దగ్గరైతే హాఫ్ చాయ్ అనేవాళ్లం.

ఇక టైమ్. ఫ్రిస్కో, రౌండ్ రాక్‌లలో సాయంత్రం ఏడు దాటి మొదలయ్యే మ్యాచ్ మనకి తెల్లారి ఐదున్నర దాటాకే. తూర్పు తీరంలో ఏడుకీ ఏడుంపావుకీ మధ్య మొదలైతే నాలుగున్నర, నాలుగు ముప్పావు. నైట్ షిఫ్ట్ వాళ్లకి పండగే. మైనర్స్‌లో మంగళవారం నుంచి ఆదివారం దాకా ఒకే టీమ్‌తో ఆరు మ్యాచులు, సోమవారం సాధారణంగా సెలవు. అంటే మంగళవారం పొద్దున మనం హాయిగా పడుకోవచ్చు, ఆ ఒక్కరోజు అలారం తీసెయ్యండి.