డంప్ చేసిన ఈఎక్స్ఈ రన్ అవ్వట్లేదా? ఇలా సరిచేయండి

ప్యాక్ చేసిన ప్రోగ్రామ్‌ని (అసలు కోడ్‌ని కుదించి దాచి, రన్ అయ్యేటప్పుడు మెమరీలో విప్పేదాన్ని) మెమరీ నుంచి డంప్ చేస్తే, అంటే విప్పిన కోడ్‌ని ఫైల్‌గా సేవ్ చేస్తే, ఆ ఫైల్ నేరుగా రన్ అవ్వదు, ఎందుకంటే మెమరీలో సెక్షన్లు (ప్రోగ్రామ్‌లోని కోడ్, డేటా భాగాలు) మామూలుగా హెక్స్ 1000 చొప్పున అలైన్ అయ్యి ఉంటాయి, డిస్క్ మీదేమో ఎక్కువగా హెక్స్ 200. అందుకే పీఈ ఎడిటర్‌లో (విండోస్ ఈఎక్స్ఈ ఫైళ్ల హెడర్‌ని మార్చే టూల్) ప్రతి సెక్షన్‌కీ రా ఆఫ్‌సెట్‌ని (ఫైల్‌లో దాని చోటు) వర్చువల్ అడ్రస్‌తో (మెమరీలో దాని చోటు), రా సైజ్‌ని వర్చువల్ సైజ్‌తో సమానం చేసేయండి, చాలా డంపర్లు ఇది వాటంతటవే చేస్తాయి కానీ ఓసారి చూసుకోవడం మంచిది.

తర్వాత ఎంట్రీ పాయింట్: అసలు కోడ్ మొదలయ్యే అడ్రస్‌లోంచి ఇమేజ్ బేస్ (ప్రోగ్రామ్ మెమరీలో లోడ్ అయిన మొదటి అడ్రస్) తీసేసి, వచ్చింది హెడర్‌లో పెట్టండి.

అసలు తలనొప్పి ఇంపోర్ట్‌లతోనే, అంటే ప్రోగ్రామ్ డీఎల్ఎల్‌ల (లైబ్రరీ ఫైళ్ల) నుంచి వాడుకునే ఫంక్షన్లతోనే. డంప్‌లో ఉండేవి ఆ రన్‌లో లోడ్ అయిన డీఎల్ఎల్‌ల అడ్రస్‌లు, సిస్టమ్ రీస్టార్ట్ అయితే అవి చెల్లవు, కాబట్టి ప్రాసెస్ ఇంకా ఒరిజినల్ ఎంట్రీ దగ్గర (అసలు కోడ్ మొదలయ్యే చోట) డీబగ్గర్‌లో ఆగి ఉండగానే సిల్లా (ఇంపోర్ట్‌లని మళ్లీ కట్టే టూల్) తెరిచి, ఐఏటీ (ఇంపోర్ట్ అడ్రస్‌ల పట్టిక) ఆటోసెర్చ్, గెట్ ఇంపోర్ట్స్ కొట్టి, చివర్లో ఫిక్స్ డంప్ ఇవ్వండి. మధ్యలో ఇన్‌వాలిడ్ అని వచ్చినవాటిని గుడ్డిగా కట్ చేయకండి ప్లీజ్, కొన్ని ప్యాకర్ దారి మళ్లించిన నిజమైన ఏపీఐలే (డీఎల్ఎల్ ఫంక్షన్లే), డీబగ్గర్‌లో ఆ అడ్రస్‌ని ఫాలో అయితే చివరికి ఎక్కడ తేలుతుందో కనిపిస్తుంది, దాన్ని చేత్తో ఎక్కించండి.

ఇంత చేసినా క్రాష్ అవుతోందంటే ఏఎస్ఎల్ఆర్‌ని (ప్రోగ్రామ్‌ని వేర్వేరు అడ్రస్‌లలో లోడ్ చేసే విండోస్ రక్షణ) అనుమానించండి. ఇమేజ్ బేస్‌ని డంప్ తీసినప్పటి బేస్‌కి మార్చి, డైనమిక్ బేస్ ఫ్లాగ్ తీసేయండి. మాల్వేర్ శాంపిల్ అయితే ఇదంతా వర్చువల్ మెషీన్‌లోనే.