వార్డులో మందులు జాగ్రత్తగా ఇవ్వడం, రికార్డు రాయడం ఎలా?

తిరుపతిలో ఏ పెద్ద వార్డులోనైనా ఇద్దరు వెంకటేశ్వర్లు, ఇద్దరు మునెమ్మలు ఉండటం మామూలే. అందుకే పేరు పిలిచి మందు చేతిలో పెట్టేస్తే కుదరదు. నర్సింగ్ చదువుతున్నవాళ్లు, కొత్తగా డ్యూటీలో చేరినవాళ్లు ఈ వరుసను అలవాటు చేసుకోండి.

ముందు కేస్‌షీట్ చదవండి: మందు పేరు, డోసు, ఎలా ఇవ్వాలి, ఎన్ని గంటలకు, అలర్జీలు ఏమైనా ఉన్నాయా. డాక్టర్ రాత అర్థం కాకపోతే ఊహించొద్దు, అడగండి. అర్ధరాత్రి ఫోన్ చేశారని విసుక్కున్నా సరే, అడగాల్సిందే. ఫోన్‌లో ఆర్డర్ చెబితే రాసుకుని, తిరిగి చదివి వినిపించి, అవునన్నాకే ఇవ్వండి. డాక్టర్ రాగానే సంతకం చేయించుకోండి.

లేబుల్ మూడుసార్లు చూడాలి: అల్మారాలోంచి తీసేటప్పుడు, డోసు సిద్ధం చేసేటప్పుడు, పేషెంట్‌కు ఇవ్వబోయే ముందు.

ఇన్సులిన్ దగ్గర ఇంకాస్త ఆగండి. మన దేశంలో మిల్లీలీటరుకు 40 యూనిట్ల వయల్స్ (మందు ఉండే చిన్న సీసాలు), 100 యూనిట్ల వయల్స్ రెండూ ఉన్నాయి. సిరంజీలూ రెండు రకాలు. సాధారణంగా 40 సిరంజికి ఎర్ర మూత, 100 సిరంజికి నారింజ మూత ఉంటుంది. 100 వయల్‌లోంచి 40 సిరంజితో 10 గీత దాకా లాగితే ఒంట్లోకి వెళ్లేది 10 కాదు, 25 యూనిట్లు! షుగర్ పడిపోయి మనిషి స్పృహ తప్పొచ్చు. వయల్, సిరంజి రెండూ ఇంకో సిస్టర్‌కు చూపించాకే ఇవ్వండి. పొటాషియం క్లోరైడ్‌ను నేరుగా నరంలోకి ఎప్పుడూ ఎక్కించకూడదు, గుండె ఆగిపోగలదు. ఆర్డర్ ప్రకారం సెలైన్‌లో బాగా కలిపి, నెమ్మదిగానే పోవాలి.

ఇక పేషెంట్ దగ్గర. "మీరు వెంకటేశ్వర్లేనా?" అంటే నిద్రమత్తులో ఉన్న పెద్దాయన ఊ అనేస్తాడు. కొండకు వచ్చి జబ్బుపడిన తమిళ, కన్నడ యాత్రికులు మాట అర్థం కాకపోయినా తల ఊపేస్తారు. "తాతా, మీ పేరు చెప్పండి" అని అడిగి, చేతి బ్యాండ్ మీది ఐపీ నంబర్‌ను (ఆసుపత్రిలో చేరినప్పుడు ఇచ్చే నంబర్) షీట్‌తో పోల్చండి. బెడ్ నంబర్‌ను నమ్మొద్దు, మంచాలు మారుతుంటాయి. మాత్రలు టేబుల్ మీద పెట్టి వచ్చేయకండి, మింగేదాకా పక్కనే ఉండండి.

ఇచ్చిన వెంటనే రాయండి. నేను గట్టిగా పట్టుబట్టేది ఇక్కడే. రాత్రి 7:50కి పారాసిటమాల్ ఇంజెక్షన్ ఇచ్చి, రాయకుండా ఇంటికి వెళ్లారనుకోండి. నైట్ డ్యూటీ సిస్టర్‌కు షీట్‌లో ఖాళీ గడి కనిపిస్తుంది. పాపం ఆవిడ తన పని తాను చేస్తుంది, పేషెంట్‌కు రెండో డోసు పడుతుంది. పని త్వరగా అవుతుందని ముందే టిక్కులు పెట్టేసినా ప్రమాదమే: వాంతి అయి ఆపేసిన మందు కూడా ఇచ్చినట్టే కనిపిస్తుంది. ఇచ్చిన అసలు టైమ్, డోసు, ఎలా ఇచ్చారో రాసి మీ సంతకం పెట్టండి. వేరేవాళ్లు ఇచ్చిన మందుకు మీరు సంతకం చేయకండి. పేషెంట్ వద్దంటే కారణం రాసి, డాక్టర్‌కు చెప్పండి.

'యూనిట్లు' అని పూర్తిగా రాయండి. పొట్టిగా ఇంగ్లిష్ 'U' అక్షరం పెడితే అది సున్నాలా కనిపించి 10 కాస్తా 100 అవుతుంది. అర మిల్లీగ్రామును 0.5 అని రాయాలి, ముందు సున్నా వదలకూడదు. తప్పు రాస్తే వైట్‌నర్ పూయకుండా ఒక్క గీత కొట్టి, పక్కన సరైనది రాసి, తేదీతో సంతకం చేయండి.

పొరపాటున తప్పు మందు వెళ్లిపోతే టెన్షన్‌లో దాచొద్దు. ముందు పేషెంట్‌ను చూసి, బీపీ, పల్స్, అవసరమైతే షుగర్ చెక్ చేసి, వెంటనే డాక్టర్‌ను పిలవండి. ఏది, ఎంత, ఎన్ని గంటలకు వెళ్లిందో, తర్వాత ఏం చేశారో షీట్‌లో రాసి, ఇన్‌చార్జ్ సిస్టర్‌కు చెప్పి ఇన్సిడెంట్ ఫారం నింపండి.