కారుణ్య నియామకం ఫైలు: ఆఫీసులో ఏం చేయాలి, కోర్టుకి ఎప్పుడు వెళ్ళాలి

ఇంట్లో గవర్నమెంట్ ఉద్యోగం చేసే మనిషి సర్వీసులో ఉండగా పోతే, పదకొండో రోజు కాకముందే ఎవరో ఒకరు వచ్చి "కంపాషనేట్ కింద ఉద్యోగం ఇస్తార్లే, కంగారు పడకండి" అంటారు. ఆ మాట పట్టుకుని మేం కూర్చున్నాం. బాబాయి పోయినప్పుడు తమ్ముడు డిగ్రీ ఫైనలియర్, పరీక్షలు అయ్యాక పెడదాం, రిజల్ట్స్ వచ్చాక పెడదాం అనుకుంటూ ఆఫీసుకి వెళ్ళేసరికి గడువు ఇంకా పంతొమ్మిది రోజులే ఉందన్నారు, ఇక చూస్కోండి మా పరుగులు.

ఆంధ్రాలో, తెలంగాణలో ఈ స్కీముకి మూలం 1977 అక్టోబర్ 3న ఇచ్చిన 687 నంబర్ జీవో. దాని మీద తర్వాత బోలెడు మెమోలు వచ్చాయి గానీ మనం గుర్తుపెట్టుకోవాల్సింది ఒక్కటే, చనిపోయిన తేదీ నుంచి ఏడాదిలోపు అప్లికేషన్ పడాలి. మైనర్ పిల్లలకైతే రెండేళ్ళలోపు 18 నిండాలి. ఇచ్చేది జూనియర్ అసిస్టెంట్ లేదా అంతకంటే కింది పోస్టే, నాన్న పెద్ద ఆఫీసర్‌గా రిటైరవ్వాల్సిన మనిషైనా సరే. చదువు పూర్తవ్వలేదని ఆగొద్దు, ఉన్న సర్టిఫికెట్లతోనే పెట్టేయండి.

పిల్లాడికి పన్నెండేళ్ళే ఉన్నాయి, పెద్దయ్యాక వాడికి వస్తుందిలే అని చాలామంది అమ్మలు అప్లై చేయరు. అది ఎంత పెద్ద పొరపాటో చెప్పే కేసు ఒకటుంది. హర్యానాలో ఒక కానిస్టేబుల్ 1997లో చనిపోయాడు, అప్పటికి కొడుక్కి ఏడేళ్ళు, మేజర్ అయ్యాక ఉద్యోగం అడిగితే ఇవ్వలేదు, సుప్రీంకోర్టు దాకా వెళ్ళి 2024లో అక్కడా ఓడిపోయాడు. తల్లి ఎక్స్‌గ్రేషియా (ఉద్యోగం బదులు ఒకేసారి ఇచ్చే డబ్బు సాయం) కోసం అడగడానికి మాత్రం కోర్టు దారి ఉంచింది. కాబట్టి పిల్లలు చిన్నవాళ్ళైతే అమ్మే అప్లికేషన్ పెట్టాలి, ఆఫీసు మొహం చూడని మనిషైనా పర్లేదు, కింది పోస్టైనా పర్లేదు.

కాగితాల్లో టైం తినేది తహసీల్దార్ దగ్గర ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్. మీసేవలో పెట్టాక రెవెన్యూ వాళ్ళ ఎంక్వైరీ, చుట్టుపక్కల సాక్షులు, ఇదంతా ఉంటుంది, అందుకే డెత్ సర్టిఫికెట్ చేతికి రాగానే ముందు దీనికి పెట్టండి. మిగిలినవి స్టడీ సర్టిఫికెట్లు, కులం సర్టిఫికెట్, ఇంట్లో సంపాదించేవాళ్ళు ఇంకెవరూ లేరని రుజువు, ఫలానా వాళ్ళకి ఉద్యోగం ఇస్తే మాకు అభ్యంతరం లేదని మిగతా వారసుల అఫిడవిట్. అన్నదమ్ముల మధ్య మాట తేడా వచ్చేది ఈ అఫిడవిట్ దగ్గరే, కాబట్టి నోటి మాట మీద ఉండకుండా అందరూ ఇంట్లో ఉన్నప్పుడే సంతకాలు పెట్టించుకోండి.

అప్లికేషన్ ఆయన పనిచేసిన ఆఫీసులోనే ఇవ్వాలి. రెండో కాపీ మీద స్టాంపు, తేదీ, ఇన్‌వార్డ్ నంబర్ వేయించుకోకుండా అక్కణ్ణుంచి కదలొద్దు. మా దగ్గర సెక్షన్ క్లర్కు "అక్కడ పెట్టి వెళ్ళండి, చూస్తాం" అన్నాడు, పిన్ని మాత్రం స్టాంపు వేసేదాకా కుర్చీలోంచి లేవలేదు, ఆర్నెల్ల తర్వాత అసలు అప్లికేషనే రాలేదని వాళ్ళు అంటే ఆ కాపీయే మమ్మల్ని కాపాడింది. అప్లికేషన్ తీసుకోం అని వాళ్ళంటే స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి. ఆ డిపార్ట్‌మెంట్‌లో ఖాళీ లేకపోతే ఫైలు కలెక్టర్ ఆఫీసుకి పంపమని రాతపూర్వకంగా అడగండి. ఫైలు ఎక్కడుందో చెప్పకపోతే పది రూపాయల ఆర్టీఐ పెట్టండి, 30 రోజుల్లో సమాధానం ఇవ్వాలి.

ఇక కోర్టు సంగతి. జడ్జిగారు జాలిపడి ఉద్యోగం ఇచ్చేస్తారనుకుంటే పొరపాటే. కారుణ్య నియామకం వారసత్వం కాదని, ఇంటి పెద్ద హఠాత్తుగా పోయినప్పుడు కుటుంబం ఆ కష్టం గట్టెక్కడానికి ఇచ్చే ఆసరా మాత్రమేనని సుప్రీంకోర్టు 1994లోనే చెప్పింది, రూల్స్ ఒప్పుకోకపోతే సానుభూతితో కోర్టులు ఉద్యోగం ఇప్పించకూడదని కూడా అదే ఏడాది ఎల్ఐసీ కేసులో చెప్పింది. అందుకే ఏళ్ళు గడిచాక వెళితే "ఇన్నేళ్ళు ఎలా బతికారు మరి" అన్న ప్రశ్న వస్తుంది. వినడానికి కటువుగా ఉంటుంది, కానీ కేసు పోయేది ఎక్కువగా అక్కడే.

మరి కోర్టు వల్ల లాభం ఏంటంటే, ఆఫీసు చేత సమాధానం చెప్పిస్తుంది. పూర్తి కాగితాలతో ఇచ్చిన అప్లికేషన్ మీద ఆరు నెలల్లోపు ఏదో ఒకటి తేల్చాలని 2022లో సుప్రీంకోర్టు ఒడిశా కేసులో చెప్పింది, ఆర్నెల్లు దాటితే లాయర్‌కి ముందు ఈ తీర్పు గుర్తుచేయండి. కారణం రాయకుండా రిజెక్ట్ చేస్తే ఆ ఆర్డర్ కొట్టేసి మళ్ళీ పరిశీలించమని చెప్తారు, ఎక్కువ కేసుల్లో మనకి దొరికే రిలీఫ్ ఇంతే, నేరుగా పోస్టింగ్ ఆర్డర్ ఆశించొద్దు. రెండో భార్య పిల్లలని పక్కన పెడితే మాత్రం గట్టిగా కొట్లాడొచ్చు, ఆ కారణంతో కాదనకూడదని 2022లోనే రైల్వే కేసులో తీర్పు ఉంది. పెళ్ళైన కూతురని తీసేసినా అడగండి, కర్ణాటక హైకోర్టు 2020లో అది వివక్షే అంది.

స్టేట్ ఉద్యోగం అయితే హైకోర్టులో రిట్ వేయాలి. సెంట్రల్ డిపార్ట్‌మెంట్ అయితే ముందు క్యాట్‌కి (కేంద్ర ఉద్యోగుల కేసులు చూసే ట్రిబ్యునల్) వెళ్ళాలి, అక్కడ రిజెక్షన్ ఆర్డర్ వచ్చిన ఏడాదిలోపు వేయాలి. సెంట్రల్‌లో ఇంకో చిక్కుంది, డైరెక్ట్ రిక్రూట్‌మెంట్ ఖాళీల్లో 5 శాతమే దీనికి, పైగా కుటుంబాల ఆర్థిక పరిస్థితి పోల్చి చూసి ఇస్తారు, కాబట్టి అప్పులు, అద్దె ఇల్లు, చదువుకునే పిల్లలు, మందుల ఖర్చు, ఏదీ దాచకుండా కాగితాలతో సహా చూపించండి. పరువు పోతుందని మా పిన్ని మొదట అప్పుల సంగతి రాయనివ్వలేదు, సూపరింటెండెంట్ గారే పిలిచి "రాయండమ్మా, ఇక్కడ చూసేదే అది" అన్నారు.

ఫ్యామిలీ పెన్షన్, గ్రాట్యుటీ కాగితాలు దీనితో కలిపి ఆపుకోవద్దు, అవి వేరే ఫైలు, వేరే సంతకాలు, అదే వారం పెట్టేయండి.